గోపాల్ గణేశ్ అగర్కర్

మహారాష్ట్రలో స్థిరపడిన తెలుగు కుటుంబాల పిల్లలకు లోకమాన్య తిలక్ పేరు తెలిసినంతగా ఆయన సహాధ్యాయి అగర్కర్ పేరు తెలియదు. కేసరి పత్రికకు తొలి సంపాదకుడు అగర్కరే.

1856 జూలై 14న సతారా ప్రాంతంలోని టెంభూ గ్రామంలో పేద ఇంట జన్మించిన ఆయన విద్యార్జనకై పడిన పాట్లు ఇన్నన్ని కావు. పుణేలోని దక్కన్ కళాశాలలో చదివే రోజుల్లో ఉన్న ఒక్క చొక్కానే రాత్రివేళ ఉతికి ఆరవేసుకుని మరునాడు ధరించేవారట. పట్టభద్రుడైన కుమారుడు పెద్ద జీతం తెస్తాడని ఆశపడవద్దని తల్లికి ముందుగానే లేఖ వ్రాసి, స్వల్ప వేతనానికి న్యూ ఇంగ్లీషు స్కూలులో ఉపాధ్యాయులయ్యారు. 1881 జనవరిలో మిత్రబృందం మరాఠీలో కేసరి, ఇంగ్లీషులో మరాఠా పత్రికలను ప్రారంభించింది.

ఏడాది గడిచేసరికి ఆపద వచ్చిపడింది. కొల్హాపూర్ సంస్థానంలో యువకుడైన నాలుగవ శివాజీ మహారాజుకు మతి చలించిందని చెబుతూ ఆయనను బాధిస్తున్నారన్న వార్తలు ప్రజలను కలవరపెడుతున్న కాలమది. దివాన్ మాధవరావు బర్వే కుట్రకు సాక్ష్యాలంటూ కొన్ని లేఖలు పత్రికలవారి చేతికి అందాయి. వారు నమ్మారు, తీవ్రంగా వ్రాశారు. బర్వే పరువునష్టం అభియోగం తెచ్చారు. విచారణలో ఆ లేఖలు కూటసృష్టి అని తేలింది.

1860 నాటి శిక్షాస్మృతి 499వ సెక్షను పత్రికల నోరు పూర్తిగా నొక్కలేదు. ప్రజావ్యవహారాలలో ఎవరి నడవడిపైనైనా సద్బుద్ధితో అభిప్రాయం వెలిబుచ్చడం నేరం కాదని అందులోనే మినహాయింపు ఉంది. 2024 జూలై 1న అమలులోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత 356వ సెక్షనులోనూ అది నిలిచింది. అయితే దివాను పాలన ప్రజలకు మేలు చేయడం లేదనడం అభిప్రాయం. దివాను కుట్ర పన్నాడనడం ఆరోపణ. ఆరోపణను ఋజువు చేయవలసిందే. పునాది అబద్ధమైనప్పుడు దానిపై కట్టిన విమర్శకు ఎంత సదుద్దేశమున్నా ఆ మినహాయింపు నీడనివ్వదు. నిజం తెలిసిన పిమ్మట సంపాదకులు క్షమాపణ చెప్పుకున్నా శిక్ష తప్పలేదు.

1882 జూలై 17న అగర్కర్, తిలక్‌లకు చెరి నాలుగు నెలల కారాగార శిక్ష పడింది. అంతకుముందు వారికి జామీను దొరకడానికి తోడ్పడినవారు జోతిరావు ఫూలే. అభిప్రాయభేదాలున్నవారికి ఆపదలో అండగా నిలవడం ఆ తరం పెద్దరికం. అక్టోబరు 26న విడుదలయ్యాక, బొంబాయి డోంగ్రీ చెరలో గడిపిన 101 రోజుల అనుభవాలను అగర్కర్ పుస్తకంగా వెలువరించారు.

సంఘసంస్కరణ విషయమై తిలక్‌తో పొసగక 1887లో కేసరిని వీడి, మరుసటి సంవత్సరం సుధారక్ పత్రికను స్థాపించారు. బాల్యవివాహాలను, వితంతువుల శిరోముండనాన్ని నిర్మొహమాటంగా ఖండించారు. ఈసారి విమర్శకు ఆధారం అపరిచితులిచ్చిన లేఖలు కావు, ఇంటింటా కనిపించే కన్నీళ్లు. కాదనలేని ప్రత్యర్థులు బ్రతికుండగానే ఆయన దిష్టిబొమ్మకు శవయాత్ర జరిపారు. ఆయన వ్రాయడం మానలేదు.

1892లో ఫెర్గుసన్ కళాశాల ప్రిన్సిపాల్ పదవి చేపట్టి, ఉబ్బసంతో బాధపడుతూనే బోధన సాగించారు. 1895 జూన్ 17న, 39వ ఏడు నిండకుండానే కన్నుమూశారు. తన దహనక్రియల ఖర్చుకని విడిగా మూటగట్టి ఉంచిన కొద్దిపాటి సొమ్ము ఆయన పడక వద్ద దొరికిందని చెబుతారు.