చిత్రముల వేటలో ఏ. కె. చెట్టియారు

తమిళదేశమునందలి కోటయ్యూరులో 1911వ సంవత్సరమున ఏ. కె. చెట్టియారు జన్మించెను. యౌవనమున రంగూనులో ఒక తమిళ పత్రికను నడపెను. పిదప టోకియోలోను, న్యూయార్కులోను ఛాయాగ్రహణ విద్య నభ్యసించెను.

1937 అక్టోబరు 2వ తేదీన ఆయన న్యూయార్కు నుండి డబ్లినుకు ఓడలో పోవుచుండెను. ఆ దినము గాంధీజీ పుట్టినరోజు. మహాత్ముని జీవితమును చలనచిత్రముగా కూర్చవలెనను సంకల్పము నడిసముద్రముమీద ఆయనకు కలిగెను. అప్పటికి ఆయనకు ఇరువదియారేండ్లు నిండలేదు.

నటునికి వేషము వేసి తీయు చిత్రము కాదది. గాంధీజీ నడచుచుండగా, మాటలాడుచుండగా ఎవరెవరో ఎప్పుడెప్పుడో తీసిన చిత్రములనే సేకరించి కూర్చవలెను. ఆ తునుకలు దేశదేశములందు చెల్లాచెదరై యుండెను. కొన్ని వార్తాచిత్రముల కొట్లలో దుమ్ము పట్టుచుండెను. ఆ కాలపు ఫిల్ము నిప్పురవ్వ సోకిన భగ్గున మండునది. వేడికి, తేమకు తనంత తానే చెడునది. ఆలస్యమైనకొలది దొరకునది తగ్గుచుండును.

చెట్టియారు రెండేండ్లకు పైగా తిరిగెను. నాలుగు ఖండములలో లక్ష మైళ్లు ప్రయాణము చేసెను. ముప్పదియేండ్ల కాలములో నూరుమంది వరకు ఛాయాగ్రాహకులు తీసిన చిత్రములను సంపాదించెను. గోఖలే 1912లో దక్షిణాఫ్రికాకు వెళ్లినప్పటి దృశ్యములును వానిలో నున్నవి. ఇట్లు కూడిన ఫిల్ము ఏబదివేల అడుగులు. ఏకధాటిగా చూపిన తొమ్మిది గంటలకు మించును. దానిని పన్నెండువేల అడుగులకు కుదించవలసివచ్చెను. వెదకుటకంటె విడుచుటయే కష్టమైన పని కాబోలు!

ఇంకొక చిక్కు కలదు. మూకీల కాలమున తీసిన చిత్రములు టాకీ యంత్రముపై వేగముగా పరుగెత్తును. మనుష్యులు గంతులు వేయుచున్నట్లు కనబడుదురు. వానిలో మాట వినబడదు గనుక వ్యాఖ్యానము చేర్చవలెను.

1940 ఆగస్టు 23వ తేదీన చిత్రము తమిళ వ్యాఖ్యానముతో వెలువడెను. తరువాత తెలుగు వ్యాఖ్యానముతోను సిద్ధమయ్యెను. 1929 ఖద్దరుయాత్రలో గుంటూరు మండలమున గాంధీజీని కన్నులార చూచినవారికి గాని, జయధ్వానములను మాత్రమే దూరము నుండి వినినవారికి గాని, ఆయన నడకను, నవ్వును మరల చూపగల సాధనము అట్టి చిత్రమే గదా. కాని అది యుద్ధకాలము. ప్రభుత్వము స్వాధీనము చేసికొనునను భయముచే చెట్టియారు చిత్రమును దాచవలసివచ్చెను. స్వాతంత్ర్యము వచ్చిన పిమ్మట హిందీలోను, 1953లో అమెరికాలో ఆంగ్లమునను అది వెలువడెను.

1943లో ఆయన కుమరిమలర్ అను మాసపత్రికను చేపట్టి, పాత పత్రికలలో మరుగుపడిన రచనలను వెదకి అందు ప్రకటించుచుండెను. అచ్చటను ఆ వేటయే! 1983లో ఆయన పరమపదించెను.

అంత శ్రమపడి కూర్చిన చిత్రమును తగినట్లు భద్రపరచినవారు లేకపోయిరి. తమిళ, తెలుగు ప్రతులు కాలక్రమమున కనుమరుగైనవి. అనేక సంవత్సరముల తరువాత ఒక పరిశోధకుడు వెదకగా, కుదించిన ఆంగ్ల ప్రతి అమెరికాలోని ఒక విశ్వవిద్యాలయమున దొరకెను.