రాళ్లు కొట్టినోడే చేపను పట్టిండు

మన నందికొండ డ్యాం రాతి కట్టడం. 1955ల పునాది పడ్డది. ఆ రాళ్లు మోసినోళ్ల పేర్లు ఎంతమందికి యాదికున్నయి? గందుకే ఒక రాళ్లు కొట్టినోని ముచ్చట చెప్తున్న.

హ్యూ మిల్లర్ 1802ల స్కాట్లాండ్‌లోని క్రోమార్టీల పుట్టిండు. ఐదేండ్లప్పుడే తండ్రి సముద్రంల ఓడతోనే పోయిండు. బడిల పంతులుతోని కొట్లాడి బయటికొచ్చిండు. పదిహేడేండ్లకు రాతి పనికి చేరిండు. దుమ్ముకు ఊపిరితిత్తులు చెడినయి. అయినా కొట్టిన రాయిని ఊకె పారెయ్యలే, లోపల ఏమున్నదో చూసిండు.

ఊరి ఒడ్డున రాళ్లల్ల ఒంటికి ఎముక కవచం, రెక్కలసొంటి చేతులున్న చేప దొరికింది. సుమారు 39 కోట్ల ఏండ్ల కిందటిది. శాస్త్రవేత్త లూయీ అగాసీ దానికి మిల్లర్ పేరే పెట్టిండు. అంతకన్న పాతది, దవడలే లేని కవచపు చేప సెఫలాస్పిస్. కొరకరాదు, అడుగు బురదల తిండి ఏరుకునేది. దాని గురించి గూడ 1841ల అచ్చయిన పుస్తకంల రాసిండు. పత్రిక గూడ నడిపి, భూముల నుంచి ఎల్లగొట్టిన పేద రైతుల దిక్కు నిలబడ్డడు. 1856ల పోయిండు.

మన నల్లమల రాళ్లు చేపలు పుట్టకముందటివి, అండ్ల చేపలు దొరకయి. కని తమ్ముడూ, చెల్లె, రాయి కొట్టే చెయ్యికే రాయి గురించి మాట్లాడే హక్కు ముందుగాల ఉన్నది. అది మరువకుండ్రి.