తెరమీది పల్లె: గూడవల్లి రామబ్రహ్మము

తెలుగు తెర మాటలు నేర్చిన తొలి సంవత్సరములలో దానిపై సంచరించినవారు ఎక్కువగా దేవతలును, రాజులును, ఋషులును. అప్పులలో మునిగిన రైతును, ఊరి వెలుపల బ్రతుకువారిని కథకు నాయకులుగా నిలుపవచ్చునని తలచిన నిర్మాతలు అరుదు. అట్టి దినములలో ఆ పనికి పూనుకొన్నవాడు గూడవల్లి రామబ్రహ్మము.

ఆయన కృష్ణా జిల్లా నందమూరులో 1902లో జన్మించెను. జాతీయోద్యమమున పాల్గొని, పిమ్మట మద్రాసులో ‘ప్రజామిత్ర’ పత్రికను నడపెను. చిత్రసీమలో ప్రవేశించిన తరువాతను ఆయనలోని పత్రికా సంపాదకుడు నిద్రపోలేదు.

1938లో సారథి సంస్థ పక్షమున ‘మాలపిల్ల’ను తీసెను. కథ చలముది, మాటలు తాపీ ధర్మారావుగారివి. దేవాలయ ధర్మకర్త సుందరరామశాస్త్రి, నాడు హరిజనులని పిలువబడినవారికి ఆలయప్రవేశము నిరాకరించును. ఆయన కుమారుడే మాలపిల్లను ప్రేమించి, ఆమెతో కలకత్తాకు వెడలిపోవును. తుదకు అగ్నిప్రమాదమున చిక్కిన శాస్త్రిగారి భార్యను కాపాడినవాడు ఒక హరిజనుడే. మద్రాసు రాజధానిలో ఆలయప్రవేశ శాసనము వచ్చినది మరుసటి యేడు, 1939లో. చట్టము రాకమునుపే ప్రేక్షకులను ఆ గుడివాకిట నిలిపినవాడు రామబ్రహ్మము. పాత్రలు పలికినది వాడుకభాష. చెవులకు అదియు నొక కొత్తయే.

శాస్త్రిగారి మనస్సు మారిన తీరు లోకమున అంత సులభముగా జరుగునా యని నేటి విద్యార్థి ప్రశ్నింపవచ్చును. ఒకరి ప్రాణము కాపాడిననే గాని హరిజనుడు మనిషిగా గణింపబడడా యని కూడ అడుగవచ్చును. రెండును న్యాయమైన ప్రశ్నలే. ఈ లోపమును దాచవలసిన పనిలేదు.

1939లో వచ్చిన ‘రైతుబిడ్డ’ మరింత సాహసము. చిన్న రైతు నర్సిరెడ్డి జమీందారు పక్షమునకు ఓటు వేయ నిరాకరించి, కష్టములను కొనితెచ్చుకొనును. ఆ పాత్రను ధరించినవాడు బళ్లారి రాఘవ. మాటలు వ్రాసినవాడు గోపీచందు. కొసరాజు సినిమాకవియైనదియు ఈ చిత్రముతోనే. చిత్రము కొందరు జమీందారులకు కంటగింపయ్యెను. కొన్ని జిల్లాలలో ప్రదర్శన నిషేధింపబడెను. విచిత్రమేమన, ఈ రెండు చిత్రములకు ధనసహాయము చేసినవారు చల్లపల్లి జమీందారు యార్లగడ్డ శివరామప్రసాదుగారు! దానికి రాజకీయ కారణము లేవైన ఉండుగాక. ఒక జమీందారు సొమ్ము పుచ్చుకొనియు జమీందారీ యన్యాయమును దాచకపోవుట దర్శకుని ఘనతయే.

తరువాత ‘ఇల్లాలు’, ‘పంతులమ్మ’ వంటి సాంఘికములును, 1945లో జానపదమైన ‘మాయాలోకము’ను వచ్చినవి. మొదటివాని వేడి వీనిలో లేదు.

చివరగా ‘పల్నాటి యుద్ధము’ను చేపట్టెను. అన్ని కులములవారిని ఒక్క పంక్తిని కూర్చుండబెట్టి చాపకూడు పెట్టించిన బ్రహ్మనాయుని కథ యది. చిత్రము ముగియకమునుపే, 1946లో, నలుబదినాలుగవ యేట రామబ్రహ్మము కన్నుమూసెను. జమీందారీల రద్దు శాసనమును ఆయన చూడలేదు. అది 1948లో గాని రాలేదు. మిగిలిన చిత్రమును ఎల్.వి. ప్రసాదు పూర్తిచేయగా 1947లో విడుదలయ్యెను. ‘మాలపిల్ల’లో హరిజనులను గుడిమెట్టు త్రొక్కనీయని శాస్త్రిగా నటించిన గోవిందరాజుల సుబ్బారావే ఇందులో బ్రహ్మనాయుడు.