వరదను కొలిచిన విశ్వేశ్వరయ్య

మోక్షగుండం విశ్వేశ్వరయ్య 1861లో మైసూరు సంస్థానంలోని ముద్దెనహళ్ళి గ్రామంలో జన్మించారు. వారి పూర్వికులది గిద్దలూరు ప్రాంతంలోని మోక్షగుండం. చిన్నతనంలోనే తండ్రిని కోల్పోయిన ఆయన బెంగళూరులో పిల్లలకు పాఠాలు చెప్పుకుంటూ విద్యాభ్యాసం సాగించారు. పూనాలో ఇంజనీరింగు పట్టా పొంది, 1884లో బొంబాయి ప్రభుత్వోద్యోగంలో చేరారు. ఖడక్‌వాస్లా జలాశయానికి ఆయన రూపొందించిన స్వయంచాలక తలుపులు మంచి పేరు తెచ్చాయి. 1908లో ఉద్యోగ విరమణ చేసి విదేశయాత్రలో ఉండగా హైదరాబాదు నిజాం ప్రభుత్వం నుండి పిలుపు వచ్చింది.

ఆ ఏడాది సెప్టెంబరు 28న మూసీ నగరాన్ని ముంచెత్తింది. ఏడాదిలో చాలా కాలం సన్నని పాయగా సాగే ఆ నదిని చూసి ఇంతటి ఉపద్రవాన్ని ఎవరూ ఊహించలేదు. తీరాన్ని ఆనుకొని ఇళ్ళు, బజార్లు వెలిశాయి. సుమారు పదిహేను వేలమంది మరణించారని అంచనా.

1909లో హైదరాబాదు చేరిన విశ్వేశ్వరయ్య నగరంలోని శిథిలాలను మాత్రమే చూసి ఊరుకోలేదు. ఎగువన కురిసిన వాన లెక్కలు తీశారు. శంషాబాదులో ఇరవై నాలుగు గంటల్లో 12.8 అంగుళాలు, నలభై ఎనిమిది గంటల్లో 18.9 అంగుళాల వర్షం నమోదైంది. పరీవాహక ప్రాంతంలోని 788 చెరువుల్లో 221 తెగిపోయాయి. పై చెరువు నీరు కింది చెరువు కట్టను తెంచగా, రెండింటి నీరూ కలిసి మూడవదానిపై పడింది. కరవులో ఆదుకొనే చెరువులే, ఒకదాని తరువాత ఒకటి తెగి, వరదకు బలమయ్యాయి! నగరంలో ఉన్నవారికి ఇదేమీ కనబడలేదు.

నదికి ఎత్తైన గట్లు కడితే చాలదని ఆయన గ్రహించారు. నగరానికి ఎగువన మూసీపై ఒకటి, దాని ఉపనది ఈసీపై మరొకటి జలాశయాలు నిర్మించి, వరదను అక్కడే నిలిపి, నది భరించగలిగినంతే కిందికి వదలాలని సూచించారు. ఈ సూచన ఫలితంగా 1920లో గండిపేట వద్ద ఉస్మాన్‌సాగర్, 1927లో శంషాబాదు సమీపాన హిమాయత్‌సాగర్ పూర్తయ్యాయి.

1912 నుండి 1918 వరకు మైసూరు దివానుగా పనిచేసిన విశ్వేశ్వరయ్య 1955లో భారతరత్న పురస్కారం అందుకొని, 1962లో నూరేళ్ళు దాటిన వయస్సులో కన్నుమూశారు. ఆయన జన్మదినమైన సెప్టెంబరు 15ను దేశమంతటా ఇంజనీర్ల దినోత్సవంగా జరుపుకొంటారు.

2008లో శంషాబాదులో విమానాశ్రయం వెలసింది. హిమాయత్‌సాగర్ కట్ట విహారస్థలమైంది. సెలవు దినాల్లో అక్కడికి చేరేవారికి నిశ్చలమైన నీరే కనిపిస్తుంది. వరదను ఆపడానికే దానిని కట్టారన్న సంగతి స్ఫురించదు. 2020 అక్టోబరులో కుండపోత వానలకు దాని తలుపులు ఎత్తవలసివచ్చింది. తలుపులెత్తిన రోజున తమాషా చూడడానికి వంతెనలపై మూగే జనాన్ని అధికారులు నేటికీ వెనక్కి పంపుతూనే ఉన్నారు.