సుంకులమ్మ కొడుకు సంజీవయ్య

మన చాపాడు పొలాలకు నీళ్లిచ్చే కేసీ కాలువ కర్నూలు దగ్గర సుంకేసుల వద్ద మొదలవుతుంది. ఆ కర్నూలు పక్కనే పెద్దపాడు. 1921 ఫిబ్రవరి 14న ఆ ఊళ్లో ఒక పేద దళిత ఇంట్లో దామోదరం సంజీవయ్య పుట్టారు. ఆయన గిరిజనుడు కాదు. అయినా ఈ సంచికకు ఆయన గురించే రాయాలనుకున్నాం. తండ్రి లేడు, ఇల్లు గడవదు, చదువు మానేస్తామంటూ ప్రతి ఏడూ మా హాస్టల్లో ఎవరో ఒకరు మా ముందు నిలబడతారు. ఇది వాళ్ల కోసం.

సంజీవయ్య పసికందుగా ఉండగానే తండ్రి మునిదాసు చనిపోయారు. తల్లి సుంకులమ్మ కూలి చేసుకుంటూ, మేనమామ అండతో కొడుకును పెంచింది. కర్నూలులో బడి చదువు, అనంతపురం దత్తమండల కళాశాలలో డిగ్రీ. ఆ తర్వాత చిన్నాచితకా ఉద్యోగాలు చేశారు. కొన్నాళ్లు బడిలో పాఠాలు కూడా చెప్పారు (టీచర్ ట్రైనింగ్ చదివిన మాకు ఈ మాట రాస్తుంటే కాస్త గర్వం). మద్రాసులో లా పూర్తయ్యేసరికి వయసు ఇరవై అయిదు దాటింది. ఏళ్లు వృథా అయ్యాయని ఆయన ఆగిపోలేదు.

1950లో తాత్కాలిక పార్లమెంటు సభ్యుడయ్యారు. 1952లో మద్రాసు శాసనసభకు గెలిచి, రాజాజీ మంత్రివర్గంలో చేరారు. 1960 జనవరి 11న ఆంధ్రప్రదేశ్ ముఖ్యమంత్రి అయ్యారు. దేశంలో ఆ కుర్చీ ఎక్కిన మొదటి దళితుడు ఆయనే. అప్పటికి నలభై నిండలేదు. ఆ రోజుల్లో సినిమాకు ముందు వేసే ఫిల్మ్స్ డివిజన్ వార్తాచిత్రాల్లోనే పల్లెజనానికి నాయకుల ముఖాలు తెలిసేవి. టూరింగ్ టాకీసులో నేల టిక్కెట్టుకు కూర్చున్న కూలివాళ్లు, ఒక కూలితల్లి కొడుకు రాష్ట్రాన్ని ఏలుతున్నాడని విన్నప్పుడు ఏమనుకున్నారో!

ఆయన తల్లికి కొంత డబ్బు ఇవ్వబోతే, కొడుకు దిక్కులేని మిగతా ముసలివాళ్ల సంగతేమిటని ఆమె అడిగిందట. వృద్ధాప్య పింఛను ఆలోచన అక్కడే పుట్టిందని పెద్దలు చెప్పుకుంటారు. కథ ఎలా ఉన్నా పింఛను మొదలైంది ఆయన కాలంలోనే. ఒకటో తారీఖున మన తండాల్లో, కాలనీల్లో అవ్వాతాతలు పొద్దున్నే లేచి ఎదురుచూడటం మీకు తెలిసిందే. 1961లో అవినీతి నిరోధక శాఖ వచ్చింది. భూమిలేని పేదలకు ఆరు లక్షల ఎకరాల బంజరు పంచారు. అయితే పట్టా ఇవ్వడం ఒకటి, ఆ భూమి చేతిలో నిలవడం ఇంకొకటి. కాగితం పెట్టెలోనూ, పొలం పరుల చేతిలోనూ ఉన్న ఇళ్లు మనలో ఇప్పటికీ ఉన్నాయి.

1962 ఎన్నికల్లో కాంగ్రెస్ గెలిచింది. ముఖ్యమంత్రి పదవి మాత్రం మళ్లీ నీలం సంజీవరెడ్డికి వెళ్లింది. గెలిచిన పార్టీలోనే కుర్చీ పోవడం చిన్న దెబ్బ కాదు. వెనుక నిలబడే బలమైన వర్గం లేకపోతే మంచి పాలన ఒక్కటే కాపాడదని మాకు అనిపిస్తుంది. అదే ఏడాది ఆయన అఖిల భారత కాంగ్రెస్ అధ్యక్షుడయ్యారు. 1964లో శాస్త్రి మంత్రివర్గంలో కార్మిక శాఖ చూశారు. 1972 మేలో, యాభై ఒక్కేళ్లకే ఢిల్లీలో కన్నుమూశారు.

హైదరాబాదులో హుస్సేన్ సాగర్ ఒడ్డున సంజీవయ్య పార్కు ఉంది. మనకు దగ్గరైనది మాత్రం హంద్రీ నదిపై గాజులదిన్నె ప్రాజెక్టు. దానికీ ఆయన పేరే పెట్టారు. ఈసారి సెలవుల్లో పిల్లలను అక్కడికీ, పెద్దపాడుకీ తీసుకెళ్లాలని ఉంది. బస్సు ఖర్చు కుదరాలి.