రఫీ పాడిన ఆ పాట బాణీ మన తెలుగాయనదే: సాలూరి రాజేశ్వరరావు

ఒంటిమిట్ట: మా దాదా రేడియోలో హిందీ పాటలు తప్ప ఇంకోటి పెట్టనిచ్చేవారు కాదు. 'మిస్ మేరీ' సినిమాలో రఫీ, లతా కలిసి పాడిన బృందావనం పాట వచ్చిందంటే ఇంట్లో ఎవరూ మాట్లాడకూడదు. ఆ బాణీ హేమంత్ కుమార్‌దని ఆయన చివరిదాకా నమ్మారు. నేనూ అదే అనుకున్నాను. అసలు సంగతేమంటే, ఆ బాణీ కట్టింది సాలూరి రాజేశ్వరరావు.

ఆయన 1922లో సాలూరు దగ్గర శివరామపురంలో పుట్టారు. తండ్రి మృదంగ విద్వాంసుడు. 1935లో వచ్చిన 'శ్రీకృష్ణ లీలలు'లో బాలకృష్ణుడిగా నటించి, పాడారు. తర్వాత కలకత్తా వెళ్లి హిందుస్తానీ సంగీతం ఒంటబట్టించుకున్నారు. అక్కడ న్యూ థియేటర్స్‌లో పంకజ్ మల్లిక్, సైగల్ లాంటి వాళ్ల పనితీరును దగ్గర నుంచి చూశారు.

మద్రాసు తిరిగొచ్చి జెమినీ సంస్థలో పనిచేశారు. 1948లో వచ్చిన 'చంద్రలేఖ'లో పెద్ద పెద్ద డోళ్ల మీద సాగే నృత్యం దేశమంతా మోగింది. ఆ సినిమాకు సంగీతం ఆయనదే.

1951లో 'మల్లీశ్వరి' వచ్చింది. తీసిన బి.ఎన్.రెడ్డి మన కడప జిల్లా వాడే, పులివెందుల వైపు కొత్తపల్లి ఆయన ఊరు. కృష్ణశాస్త్రి మాటలకు రాజేశ్వరరావు కట్టిన బాణీలు ఇప్పటికీ పాతబడలేదు. ఆ సినిమా చైనా దాకా వెళ్లింది.

1955లో 'మిస్సమ్మ'. బృందావనం పాటను ఎ.ఎం.రాజా, సుశీల పాడారు. రెండేళ్లకు అదే దర్శకుడు ఎల్.వి.ప్రసాద్ హిందీలో 'మిస్ మేరీ' తీశారు. మిగతా పాటలకు హేమంత్ కుమార్ కొత్త బాణీలు కట్టినా, ఈ ఒక్క పాటకు తెలుగు బాణీనే ఉంచేశారు. తెర మీద సంగీతం పేరు మాత్రం హేమంత్ కుమార్‌ది.

అదే 1957లో 'మాయాబజార్'లోనూ ఇలాగే అయింది. నాలుగు పాటలకు బాణీలిచ్చి రాజేశ్వరరావు తప్పుకున్నారు. మిగతా పనంతా ఘంటసాల పూర్తిచేశారు. ఆయన కష్టం చిన్నదేం కాదు. కానీ ఆ నాలుగు పాటలు ఎవరివో చాలామందికి తెలీదు.

ఆంధ్ర విశ్వవిద్యాలయం ఆయనకు కళాప్రపూర్ణ ఇచ్చింది. 1992లో రఘుపతి వెంకయ్య అవార్డు వచ్చింది. 1999లో కన్నుమూశారు. సంగీత దర్శకుడు కోటి ఆయన కొడుకే.

బీకాంలో మాకు మొదట నేర్పింది, ఎవరి జమ వాళ్ల ఖాతాలో రాయమని. దాదా ఇప్పుడు లేరు, ఆయనకు ఈ లెక్క సరిచేసి చెప్పలేకపోయాను. మీ ఇంట్లో పెద్దవాళ్లు ఆ పాట పెట్టినప్పుడు మీరైనా చెప్పండి.