పెరట్లోని అక్వేరియం నుంచి నోబెల్ దాకా

మీ పిల్లలు పుస్తకం పక్కనపెట్టి చీమల బారునే చూస్తుంటే కోప్పడుతున్నారా? అయితే నికో టిన్‌బెర్గెన్ (1907–1988) గురించి చదవండి.

నెదర్లాండ్స్‌లోని హేగ్‌లో పుట్టిన ఆయనకు బడిలో అత్తెసరు మార్కులే. పెరట్లోని రెండు చిన్న అక్వేరియంలలో చేపలు గూడు కట్టడాన్ని మాత్రం ఏటా వసంతంలో శ్రద్ధగా గమనించేవారు.

పెద్దయ్యాక సీగల్ పక్షులపై దృష్టి పెట్టారు. పెద్ద పక్షి ముక్కు మీది ఎర్రచుక్కను పొడిస్తే పిల్లకు తిండి అందుతుంది. ఆ చుక్క పిల్లను ఎలా ఆకర్షిస్తుందో అట్టముక్కలతో చేసిన బొమ్మలు చూపించి పరీక్షించారు. ఈ పక్షుల సంకేతాలపై హ్యూ ఫాల్కస్‌తో కలిసి తీసిన 'సిగ్నల్స్ ఫర్ సర్వైవల్' డాక్యుమెంటరీకి 1969లో ఇటాలియా ప్రైజ్ వచ్చింది. 1973లో మరో ఇద్దరితో కలిసి నోబెల్ అందుకున్నారు.

ఈ ఆదివారం పిల్లల పక్కన కూర్చోండి. చీమలు ఎందుకలా బారులు తీరాయో వాళ్లనే కనిపెట్టమనండి.